తప్పు ఇద్దరిదైతే పరిహారం రాదా?

ఈ పేజీలో మేము ఎప్పుడూ బీపీ గురించో, షుగరు గురించో, బాలింతల ఆహారం గురించో రాస్తుంటాము. ఈసారి క్యాజువాలిటీ గది నుండి కోర్టు గడప దాకా వెళ్ళవలసి వస్తున్నది. కారణం ఒక తల్లి మమ్మల్ని అడిగిన మాట.

కోరుట్ల నుండి జగిత్యాలకు వచ్చే 63వ నంబరు జాతీయ రహదారి మీద ఒక రాత్రి ముందు పోతున్న ట్రాక్టరు ట్రాలీని ఒక బైకు వెనుక నుండి గుద్దుకున్నది. ట్రాలీకి వెనుక లైటు లేదు, ఎర్ర రేడియం స్టిక్కరు కూడా లేదు. బైకు మీద ముగ్గురు కుర్రవాళ్ళు. నడిపిన అబ్బాయికి లైసెన్సు లేదు, హెల్మెట్ లేదు. అతనిని మన దగ్గరకు తెచ్చారు. తొడ ఎముక రెండుగా విరిగింది, స్పృహ వస్తూ పోతూ ఉన్నది. చివర కూర్చున్న స్నేహితునికి మణికట్టు విరిగితే 108 వాళ్ళు ప్రభుత్వ ఆసుపత్రికి తీసుకుపోయారు. మధ్యలో కూర్చున్నవాడు గీరుకుపోయిన దెబ్బలతో బయటపడ్డాడు.

మా డ్యూటీ సిస్టరు రిజిస్టరు తెరిచేసరికి మేనమామ ముందుకు వచ్చాడు. "సిస్టరమ్మా, మావోడే బండి జారి పడ్డడని రాయుండ్రి. ట్రాక్టరాయన మా ఊరాయనే. మావోనికి లైసెన్సు లేదు, ముగ్గురెక్కిండ్రు. కేసైతే మనకే ఎదురు తిరుగుతది. ఆయన ఖర్చులకు ఇస్తనంటున్నడు." సిస్టరు ఆయన చెప్పినట్టే "బైకు జారి పడుట వలన" అని రాసింది. జారి పడినా అది రోడ్డు ప్రమాదమే కనుక పోలీసు స్టేషనుకు సమాచారం వెళ్ళింది. కాని ఆ సమాచారంలోనూ అదే మాట వెళ్ళింది.

ట్రాక్టరు ఆయన ఇచ్చినది ఇరవై వేలు. తొడలో రాడ్డు వేశారు, తరువాత చీము పట్టింది, రెండవసారి ఆపరేషను అయింది. గల్ఫ్‌కు వీసా వచ్చి టికెట్టు కోసం చూస్తున్న అబ్బాయి అతను. ఆ వీసా పోయింది, ఏజెంటుకు కట్టిన డబ్బూ పోయింది. ఐదు నెలల తరువాత తల్లి మా దగ్గరకు వచ్చి, "అమ్మా, ఆ కాగితం మార్చి రాయుండ్రి, మీకు పుణ్యముంటది" అన్నది.

మార్చి రాయలేము. ఆ రిజిస్టరు పేజీలకు నంబర్లు ఉంటాయి, ప్రతి వరుసకూ తేదీ, గంట, సంతకం ఉంటాయి. దానిని దిద్దితే అది నేరం. ఆ తల్లికి ఆ మాట చెప్పడం మాకు ఎంత కష్టమైనదో దేవునికే తెలుసు. అయితే ఆమెను పంపించిన తరువాత కూడా మా మనస్సులో ఒక ప్రశ్న మిగిలింది. "మనవాడిదీ తప్పుంది కనుక మనకేమీ రాదు" అన్న భయంతోనే కదా ఆ మేనమామ అబద్ధం రాయించినది? అసలు ఆ భయం నిజమేనా? మేము వకీళ్ళము కాదు. కాని కేసుల కోసం మన ఆసుపత్రికి వచ్చే వకీళ్ళను అడిగి, తీర్పుల గురించి తెలుసుకొన్నాము. మాకు అర్థమైనది ఇక్కడ రాస్తున్నాము.

శాతాల లెక్క

ఆ భయం నిజం కాదు. మోటారు వాహనాల చట్టం 1988 ప్రకారం దెబ్బ తగిలినవారు 166వ సెక్షను కింద ప్రమాద పరిహార ట్రిబ్యునల్‌లో దరఖాస్తు పెట్టవచ్చు. దెబ్బ తగిలిన మనిషి తప్పు కూడా కొంత ఉంటే, కోర్టువారు దరఖాస్తును తోసివేయరు. ముందుగా మొత్తం నష్టం ఎంతో కడతారు. తరువాత ఎవరి తప్పు ఎంత శాతమో తేలుస్తారు. దెబ్బ తిన్నవాని శాతం మాత్రం తీసివేసి మిగిలినది ఇప్పిస్తారు. దీనిని కాంట్రిబ్యూటరీ నెగ్లిజెన్స్ అంటారు. మన మాటల్లో చెప్పాలంటే ప్రమాదంలో మన వంతు తప్పు. నష్టం పది లక్షలని తేలి, మన వంతు తప్పు 25 శాతం అనుకుంటే, రెండున్నర లక్షలు పోయి ఏడున్నర లక్షలు వస్తాయి.

ఇటువంటి ఒక కేసులో 2025 జులైలో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. తమిళనాడులోని కోయంబత్తూరులో 2017 జనవరిలో ఒక ఇంజనీరింగు విద్యార్థి బైకు మీద పోతున్నాడు. ముందున్న కారు హైవే మీద ఉన్నట్టుండి బ్రేకు వేసి ఆగింది. కారులో గర్భిణి అయిన భార్యకు వాంతి వచ్చేటట్టు ఉన్నదని ఆపానని కారాయన చెప్పుకున్నాడు. బైకు కారుకు తగిలి విద్యార్థి పడ్డాడు, వెనుక వస్తున్న బస్సు అతని కాలు మీదుగా పోయింది. కాలు తీసివేయవలసి వచ్చింది. సుప్రీంకోర్టు కారు నడిపినవారిది 50 శాతం, బస్సు డ్రైవరుది 30 శాతం, విద్యార్థిది 20 శాతం తప్పని తేల్చింది. విద్యార్థి వంతుకు చెప్పిన కారణాలు రెండు: ముందు బండికి తగినంత దూరం పాటించలేదు, సరైన లైసెన్సు లేదు. నష్టం ఒక కోటి 14 లక్షలని కట్టి, అందులో 20 శాతం తీసి, 91 లక్షలకు పైగా ఇప్పించింది. లైసెన్సు లేని కుర్రవాడు, ముందు బండిని గుద్దుకున్నవాడు. మన మేనమామ భయమే నిజమైతే ఆ పిల్లవానికి ఒక్క రూపాయి వచ్చేది కాదు.

అదే 2025 జులైలో, కొద్ది వారాల ముందే, ఇంకొక కేసులో సుప్రీంకోర్టు వేరొక మాట చెప్పింది. కర్ణాటకలో ఒకాయన తన వేగంతో, తన నిర్లక్ష్యంతోనే కారు బోల్తా కొట్టించి చనిపోయాడు. ఎదుటి బండి లేదు. అటువంటప్పుడు కుటుంబం ఈ చట్టం కింద పరిహారం అడగలేదని కోర్టు చెప్పింది. కనుక తప్పు పూర్తిగా మనదే అయితే 166 కింద తలుపు మూసుకుంటుంది. పాలు పంచుకున్నదైతే తెరిచే ఉంటుంది. "జారి పడ్డాడు" అని రాయించినప్పుడు ఆ మేనమామ తెలియక తన మేనల్లుణ్ణి రెండవ తలుపు నుండి లాగి మొదటి తలుపు ముందు నిలబెట్టాడు.

స్వయంగా పడిన వారికి మిగిలేది ఒక్కటే: బండి యజమానే నడుపుతూ, లైసెన్సు ఉండి, ఇన్సూరెన్సులో 15 లక్షల పర్సనల్ యాక్సిడెంట్ భాగం కట్టి ఉంటే, చనిపోయినప్పుడు లేదా పూర్తి వైకల్యం వచ్చినప్పుడు అది వస్తుంది. పాలసీ కట్టేటప్పుడు నాలుగు రూపాయలు తక్కువవుతాయని దీనిని వదిలేస్తున్నవారు మన సంఘంలోనే ఉన్నారు.

ఏది తప్పు కింద లెక్క, ఏది కాదు

ఇక్కడ చాలా మంది రెండు విషయాలు కలిపివేస్తారు. చట్టాన్ని మీరడం వేరు, ఆ మీరడం వల్ల ప్రమాదం జరగడం వేరు. బైకు మీద ముగ్గురు ఎక్కితే పోలీసువారు చలాను రాస్తారు, రాయాలి కూడా. కాని 2020 జనవరిలో సుప్రీంకోర్టు ఒక కేసులో ఏమన్నదంటే, ముగ్గురు ఎక్కినంత మాత్రాన ప్రమాదంలో వారి తప్పున్నట్టు కాదు, ముగ్గురు ఎక్కడం వల్లనే ప్రమాదం జరిగిందని గాని, దెబ్బ పెరిగిందని గాని రుజువు కావాలి. అక్కడ వెనుక నుండి వచ్చిన కారు గుద్దింది. ఆ కారణంతో హైకోర్టు కోసిన పది శాతాన్ని తిరిగి ఇప్పించారు. లైసెన్సు సంగతి కూడా 2008లో ఇలాగే తేల్చారు. లైసెన్సు లేకపోవడం ఒక్కటే నిర్లక్ష్యానికి రుజువు కాదు. అయితే పైన చెప్పిన విద్యార్థి కేసులో దూరం పాటించకపోవడంతో కలిసి అది కూడా లెక్కలోకి వచ్చింది. కాబట్టి లైసెన్సు లేకపోయినా ఏమీ కాదులే అని ఎవరూ అనుకోవద్దు.

హెల్మెట్ గురించి మేము నర్సులుగా ఒక మాట అనకుండా ఉండలేము. హెల్మెట్ లేనందువల్ల ట్రాక్టరు గుద్దదు, నిజమే. కాని తలకు తగిలిన దెబ్బ ఎక్కువైనదని చూపించి కొన్ని తీర్పులలో కొంత శాతం తగ్గించారు. కాలు విరిగినవానికి ఆ వాదన పనికిరాదు. ఏమైనా, తల పగిలినవాని మంచం పక్కన రాత్రి కూర్చున్నవారికి శాతాలు గుర్తుకు రావు.

ముందు బండిని వెనుక నుండి గుద్దిన కేసులే మన ప్రాంతంలో చిక్కు. పంట కోతల కాలంలో రాత్రిపూట మన రోడ్ల మీద లైటు లేని ట్రాలీలు ఎన్ని తిరుగుతాయో మీకు తెలియనిది కాదు. సగం రోడ్డు మీద వడ్లు, మక్కలు ఆరబోసి, చుట్టూ రాళ్ళు పేర్చి, నల్ల పట్టా కప్పి ఇంటికి పోతాము. (మేము కూడా రైతు కుటుంబాల వాళ్ళమే, ఆరబోసే కల్లం లేని బాధ తెలుసు. కాని ఆ రాయి మా వార్డుకు ఎందరిని పంపిందో కూడా తెలుసు.) ఇటువంటి కేసుల్లో తీర్పులు రెండు వైపులా ఉన్నాయి. హైవే మధ్యలో ఏ గుర్తూ, లైటూ లేకుండా నిలిపిన లారీని రాత్రి కారు గుద్దుకున్న కేసులో 2024లో సుప్రీంకోర్టు తప్పంతా లారీదే అన్నది. 2018లో మరొక కేసులో, నడుస్తున్న లారీ వెనుక పది పదిహేను అడుగుల దూరంలోనే పోతూ గుద్దుకున్న కారుదే తప్పన్నది. ఏది ఎటు తేలుతుందన్నది ఆ రాత్రి అక్కడ ఏమి ఉన్నదన్న దాని మీద ఆధారపడుతుంది. లైటు ఉన్నదా, రిఫ్లెక్టరు ఉన్నదా, బండి నడుస్తున్నదా, నిలిచి ఉన్నదా, మలుపు ఉన్నదా? ఇవన్నీ మొదటి రోజు చెప్పకపోతే సంవత్సరం తరువాత ఎవరికి గుర్తుంటాయి? ప్రమాదం తరువాత బండ్లు ఎక్కడ పడి ఉన్నాయో దానిని బట్టి మాత్రమే ఎవరి తప్పో తేల్చకూడదని కూడా 2013లో కోర్టు చెప్పింది. ఈ కేసుల్లో క్రిమినల్ కేసంత గట్టి రుజువు అడగరు, ఏది జరిగి ఉండే అవకాశం ఎక్కువో చూస్తారు.

కూర్చున్నవారి తప్పు ఏమిటి?

వెనుక కూర్చున్నవారికి, బస్సులో, ఆటోలో ఎక్కినవారికి ఈ కోత ఉండదు. నడిపినవాని తప్పును కూర్చున్నవాని మీద వేయరు. రెండు బండ్ల తప్పు వల్ల కూర్చున్నవారికి దెబ్బ తగిలితే, మొత్తం పరిహారం ఆ ఇద్దరిలో ఎవరి నుండైనా అడగవచ్చునని 2015లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. వాళ్ళిద్దరూ తరువాత తమలో తాము లెక్క చూసుకుంటారు. కనుక మన కథలో మణికట్టు విరిగిన స్నేహితుడు బైకు నడిపినవాని తప్పుకు జవాబుదారుడు కాడు.

2018 సెప్టెంబరు 11న మన కొండగట్టు ఘాట్ రోడ్డు మీద ఆర్టీసీ బస్సు లోయలో పడి 60 మందికి పైగా చనిపోయిన రోజు ఇక్కడ ఎవరూ మరచిపోలేదు. ఆ బస్సులో పట్టవలసిన వారికంటే ఎంతో ఎక్కువ మంది ఉన్నారు. ఆ తరువాత కొందరు, "అంతమంది ఎందుకెక్కాలి?" అన్నారు. ఆ మాట మాకు నచ్చలేదు. ఊరికి ఉన్నదే ఆ బస్సు అయినప్పుడు, దవాఖానకు పోవలసిన ముసలమ్మ నిలబడియైనా ఎక్కుతుంది. నిలబడి ప్రయాణించడం బస్సు లోయలో పడడానికి ఆమె చేసిన నిర్లక్ష్యం కాదు.

అయితే నాట్లకు, పసుపు తవ్వడానికి కూలీలను తీసుకుపోయే ఆటోల సంగతిలో ఒక మెలిక ఉన్నది. అనుమతికి మించి ఎక్కించిన బండి ప్రమాదంలో పడితే, పర్మిటులో ఎంతమంది ఉన్నారో అంతమంది లెక్కకే ఇన్సూరెన్సు కంపెనీ బాధ్యత అని 2007లో సుప్రీంకోర్టు చెప్పింది. అందులో పెద్ద మొత్తాలను కలిపి కంపెనీ కడుతుంది, దానిని అందరికీ పంచుతారు, మిగిలినది బండి యజమాని నుండి రాబట్టుకోవాలి. ఆటో యజమాని దగ్గర ఏముంటుంది, ఆటో తప్ప? కూలీ తల్లులకు తప్పు అంటదు గాని, చేతికి వచ్చేది మాత్రం తగ్గుతుంది.

క్యాజువాలిటీలో మేము రాసేది

మీరు స్ట్రెచరు తోసుకొని లోపలికి రాగానే మేము రాసే నాలుగు వరుసలే తరువాత కోర్టులో మొదటి కాగితం అవుతాయి. ఏ తేదీ, ఎన్ని గంటలకు, ఎక్కడ, ఏ బండి దేనికి తగిలింది, ఎవరు తెచ్చారు, ఈ సంగతి ఎవరు చెప్పారు. గాయాల కొలతలు, ఎడమా కుడా, ఒంటి మీద పుట్టుమచ్చలు, వేలిముద్ర. వీటిని బట్టే డాక్టరుగారు పోలీసులకు గాయాల సర్టిఫికెటు ఇస్తారు. ఇన్సూరెన్సు వారి వకీలు మొట్టమొదట వెతికేది "ఎలా జరిగింది" అన్న గడినే. తాగిన వాసన వస్తే అది కూడా రాస్తాము. రాయవద్దని కాళ్ళు పట్టుకున్నా రాస్తాము.

ఎదుటి పక్క అబద్ధాలు కూడా చూశాము. జారి పడినవానికి ఎవరిదో బండి అడ్డం పెడతారు. లైసెన్సు లేని కొడుకు బదులు లైసెన్సు ఉన్న బాబాయి నడిపాడంటారు. ఈ రెండవది ఎంత వెర్రితనమో చూడండి. లైసెన్సు లేకపోవడం వల్ల పోయేది మహా అయితే కొంత శాతం. డ్రైవరును మార్చినట్టు తేలితే మొత్తం కేసు పోతుంది, పైగా తప్పుడు సాక్ష్యం కేసు మిగులుతుంది. తొమ్మిదవ ఆజ్ఞను ఆదివారం బడిలో కంఠతా పట్టిన పిల్లలే పెద్దవారై ఇలా చెప్పిస్తుంటే మాకు బాధ కలుగుతుంది.

డిశ్చార్జి కాగితాన్ని, ఎక్స్‌రేలను, మందుల అసలు బిల్లులను ఒక సంచిలో వేసి పెట్టండి. ఊరి ఆర్‌ఎంపీకి ఇచ్చిన డబ్బుకు బిల్లు ఉండదు, అది లెక్కలోకి రావడం కష్టం. వైకల్య ధృవపత్రంలో ఉన్న శాతమే సంపాదన నష్టం శాతం కాదని 2010లో సుప్రీంకోర్టు చెప్పిన సంగతి కూడా తెలుసుకోండి. సిరిసిల్లలో సాంచాలు నడిపే మనిషికి కుడి చేతి వేళ్ళు బిగుసుకుపోతే, కోరుట్లలో బీడీలు చుట్టే తల్లికి బొటనవేలు మడవకపోతే, బోర్డువారు రాసే శాతం చిన్నదే కావచ్చు. ఆ పని మాత్రం పూర్తిగా పోతుంది. ఏ పని చేసేవారో, ఏ చేతితో చేసేవారో కోర్టుకు చెప్పాలి. బీడీ కార్డు, పీఎఫ్ కాగితం, గల్ఫ్ వీసా, ఏదున్నా చూపాలి.

ఇంకొన్ని సంగతులు క్లుప్తంగా. 2022 ఏప్రిల్ 1 తరువాత జరిగిన ప్రమాదాలకు ఆరు నెలల లోపల దరఖాస్తు పెట్టాలన్న నిబంధన ఉన్నది. దీనిని సుప్రీంకోర్టులో సవాలు చేయగా, గడువు దాటిందన్న కారణంతోనే కేసులు కొట్టివేయవద్దని 2025 నవంబరులో మధ్యంతర ఆదేశం వచ్చింది. దానిని నమ్ముకొని ఊరుకోవద్దు, ఆరు నెలల లోపలే పెట్టండి. ప్రమాదం జరిగిన చోటైనా, మీరు ఉండే చోటైనా పెట్టవచ్చు, బాంబేలో ప్రమాదం జరిగితే బాంబేకు తిరగనక్కర లేదు. ఎవరి తప్పో రుజువు చేయకుండానే చనిపోయినవారికి 5 లక్షలు, తీవ్ర గాయాలకు రెండున్నర లక్షలు 164వ సెక్షను కింద అడగవచ్చు. కాని అది తీసుకుంటే 166 కింద పెద్ద కేసు నడవదు, ముందే వకీలును అడగండి. గుద్దిన బండి ఏదో తెలియకపోతే చనిపోయినవారికి 2 లక్షలు, తీవ్ర గాయాలకు 50 వేలు ప్రభుత్వ పథకం కింద వస్తాయి. 2025 మే నుండి ప్రమాద బాధితులకు ఏడు రోజుల వరకు, లక్షన్నర దాకా నగదు లేకుండా చికిత్స చేసే కేంద్ర పథకం కూడా ఉన్నది. వకీలుకు ఇచ్చే స్తోమత లేనివారు కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార సంస్థ కార్యాలయానికి వెళ్ళండి. స్త్రీలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును పెడతారు. వచ్చేదానిలో మూడో వంతు నాకిమ్మని ఆసుపత్రి వరండాలోనే సంతకాలు తీసుకునే మధ్యవర్తులను మేము బయటకు పంపుతూనే ఉన్నాము, మీరు వాళ్ళను లోపలికి పిలవకండి.

ఆ తల్లి అక్కడికే వెళ్ళింది. ఆరు నెలలకు పది రోజులు ఉండగా దరఖాస్తు పడింది. ప్రభుత్వ ఆసుపత్రిలో స్నేహితుడు స్వయంగా చెప్పి రాయించుకున్న వరుస ఇప్పుడు కేసుకు ఆధారమైనది: "లైటు లేని ట్రాక్టరు ట్రాలీకి తగిలి". అదే రాత్రి, అదే గంట.

పోయిన నెల మా సిస్టరును సాక్ష్యానికి పిలిచారు. "బైకు జారి పడుట వలన" అన్నది తన చేతిరాతేనని ఒప్పుకున్నది. ఇన్సూరెన్సు వారి వకీలు అక్కడితో ఆపాలని చూశాడు. జడ్జిగారు రిజిస్టరు తన ముందుకు తెప్పించుకొని పక్క గడి చదివారు. "చెప్పినవారు" అన్న చోట మా సిస్టరు "మేనమామ" అని రాసింది, దాని కింద "రోగి మాట్లాడే స్థితిలో లేడు" అని రాసింది. మేనమామ ఆ రాత్రి బైకు మీద లేడు. కేసు ఇంకా నడుస్తున్నది. ఇప్పుడు మా క్యాజువాలిటీలో రోగికి తెలివి ఉంటే, బంధువులను కాసేపు బయట నిలబెట్టి, ముందు అతనినే అడుగుతున్నాము.